మ్లేచ్ఛులు, యవనులు, హూణులు: పరాయి దేశస్థులకు సంస్కృతంలో ఉన్న పేర్లు - తరచుగా అడిగే ప్రశ్నలు

పురాణం వింటున్నప్పుడు, ఉగాది పంచాంగం చదువుతున్నప్పుడు, ఏ గుడి శాసనం తాత్పర్యమో చూస్తున్నప్పుడు ఈ పేర్లు ఎదురవుతాయి. ఎవరీ యవనులు? శకులు ఎక్కడివాళ్లు? మ్లేచ్ఛ అంటే తిట్టా? నన్ను ఎక్కువమంది అడిగిన ప్రశ్నలన్నీ ఒకచోట పెట్టి, తెలిసినంతవరకు జవాబులు రాశాను. చదివే ముందు ఒక్క విషయం గుర్తుంచుకోండి: ఈ మాటల్లో చాలావాటికి పేరు అలాగే ఉంది, ఆ పేరు మోసే మనుషులు మాత్రం మారిపోతూ వచ్చారు. రెండువేల ఏళ్ల కిందటి యవనుడూ ఆరువందల ఏళ్ల కిందటి యవనుడూ ఒకరు కారు.

సంస్కృతంలో "విదేశీయుడు" అనడానికి అసలు మాట ఏది?

ఇప్పుడు మనం వాడే విదేశీయుడు, వైదేశికుడు, పరదేశి అన్నవి అర్థం తేటగా ఉన్న మాటలే. వేరే దేశం వాడు అని, అంతే. పాత గ్రంథాల్లో మాత్రం అందరినీ కలిపి "విదేశీయులు" అనడం కంటే, ఎవరి పేరుతో వాళ్లను పిలవడమే ఎక్కువ. గ్రీకులు యవనులు, ఇరాన్ వాళ్లు పారసీకులు, చైనా వాళ్లు చీనులు. ఈ పేర్లు తిట్లు కావు. చాలావరకు ఆ జనం తమను తాము పిలుచుకున్న పేర్లే, నాలుగు నోళ్లు మారి మన దగ్గరికి వచ్చాయి. అందరినీ ఒకే గాటన కట్టే మాట ఒకటుంది, అది మ్లేచ్ఛ. దాని కథ వేరు.

మ్లేచ్ఛ అంటే అసలు అర్థం ఏమిటి?

మాట సరిగ్గా పలకనివాడు అని. సంస్కృత క్రియల మూలాల పట్టిక అయిన ధాతుపాఠంలో "మ్లేచ్ఛ అవ్యక్తే శబ్దే" అని ఉంది, అంటే స్పష్టంగా లేని పలుకు. మతం, రంగు, తిండి ఇవేవీ మొదట ఈ మాటలో లేవు. ఉన్నదల్లా నాలుకే.

ఈ మాట మనకు మొదట కనిపించేది శతపథ బ్రాహ్మణంలో. అక్కడ దేవతల చేతిలో అసురులు ఓడిపోతూ "హేఽలవో హేఽలవః" అని అరుస్తారు. అది మ్లేచ్ఛం కాబట్టి బ్రాహ్మణుడు అలా పలకకూడదు అంటుంది ఆ గ్రంథం. క్రీ.పూ. 2వ శతాబ్దంలో పతంజలి తన వ్యాకరణ గ్రంథం మహాభాష్యం మొదట్లోనే ఈ కథను ఎత్తుకుని, అసురులు "హేలయో హేలయః" అని పలికి ఓడిపోయారు, మనం మ్లేచ్ఛులం కాకూడదు కాబట్టి వ్యాకరణం చదవాలి అంటాడు. వాళ్లు అనాల్సింది "హే అరయః", అంటే "ఓ శత్రువులారా" అని. రేఫ పలకాల్సిన చోట లకారం పలికారు.

ఈ ర-ల తేడా కల్పన కాదు. తూర్పు ప్రాకృతాల్లో "రాజా"ను "లాజా" అనేవాళ్లు. తూర్పు ప్రాంతాల అశోక శాసనాల్లో ఆ రూపమే ఉంది. అంటే "అసురుల భాష" అని వెక్కిరించిన పలుకు, తూర్పున సామాన్య జనం రోజూ మాట్లాడే పలుకుకు చాలా దగ్గరగా ఉంది. మ్లేచ్ఛ అన్న మాట మొదట తగిలింది సముద్రాల అవతలివాళ్లకు కాదేమో, పక్క ఊరివాళ్లకేమో అని నాకు ఎప్పుడూ అనిపిస్తుంది.

ఇంకో ముచ్చట. ఇక్కడి "అరి" అన్న మాటకు ఋగ్వేదంలో శత్రువు అనే కాక, బయటి నుంచి వచ్చినవాడు అనే అర్థం కూడా ఉందని 1938లో పాల్ థీమె అనే జర్మన్ పండితుడు వాదించాడు. అందరూ ఒప్పుకోలేదు. ఒప్పుకుంటే మాత్రం, పరాయివాళ్లకు తగిలించిన మొదటి ముద్ర, "పరాయివాడు" అన్న మాటనే సరిగ్గా పలకనందుకు పడిందన్నమాట.

మ్లేచ్ఛ సంస్కృత మాటేనా, బయటి నుంచి వచ్చిందా?

ఇది తేలని ప్రశ్న. నత్తినత్తిగా వినిపించే పలుకును అనుకరించి పుట్టిన మాట అని కొందరంటారు. ఇంకో వాదం ఆసక్తిగా ఉంటుంది. మెసొపొటేమియా మట్టి పలకల్లో మెలుహ్హ అనే దేశం పేరు వస్తుంది. క్రీ.పూ. 24-23 శతాబ్దాల నాటి అక్కద్ రాజు సర్గోన్, తన రేవులో మెలుహ్హ, మగన్, దిల్మున్ ఓడలు లంగరేశాయని గొప్పగా చెప్పుకున్నాడు. మెలుహ్హ అంటే సింధు నాగరికత ప్రాంతమే అని ఇప్పుడు ఎక్కువమంది చరిత్రకారుల అభిప్రాయం. షు-ఇలిషు అనే ఒకాయన ముద్ర దొరికింది, దాని మీద ఆయన వృత్తి "మెలుహ్హ భాష దుబాసీ" అని ఉంది. ఆ ముద్ర ఇప్పుడు పారిస్‌లోని లూవ్ర్ మ్యూజియంలో ఉంది.

1975లో ఫిన్లాండ్‌కు చెందిన అన్నదమ్ములు ఆస్కో పర్పోలా, సిమో పర్పోలా ఈ మెలుహ్హకూ మ్లేచ్ఛకూ, దాని పాళీ రూపం "మిలక్ఖ"కూ ముడి పెట్టారు. మూలంలో అది "మేల్ అకం", ఎత్తైన చోటు అనే ద్రావిడ మాట కావచ్చన్నారు. మన "మేలుకట్టు"లోని మేలు ఇదే, పైన ఉండేది అని. వినడానికి బాగుంటుంది. కానీ మెలుహ్హ పలకలకూ శతపథ బ్రాహ్మణానికీ మధ్య వెయ్యేళ్లకు పైగా ఖాళీ ఉంది, ఆ ఖాళీలో ఈ మాట మన దగ్గర ఎక్కడా రాసి లేదు. కాబట్టి ఇది ఒక మంచి ఊహ. రుజువైన విషయం అని ఎవరైనా చెబితే నమ్మకండి.

మ్లేచ్ఛ భాష నేర్చుకోవడం పాపం అనుకునేవాళ్లా?

నియమం ఒకటి, నడిచింది ఇంకొకటి. భారతంలో లక్క ఇంటికి వెళ్లే ముందు విదురుడు ధర్మరాజును గూఢమైన మాటల్లో హెచ్చరిస్తాడు కదా. తర్వాత సొరంగం తవ్వడానికి వచ్చిన మనిషి తనను నమ్మించడానికి గుర్తు చేసేది ఆ సంగతే: విదురుడు నీతో మ్లేచ్ఛ భాషలో చెప్పాడు, నువ్వు సరేనన్నావు అని. పాండవుల ప్రాణాలు దక్కింది ఆ మాటలతోనే. అరవైనాలుగు కళల పట్టికలో "మ్లేచ్ఛిత వికల్పం" కూడా ఒక కళ, రహస్య భాషలో రాయడం, చదవడం.

వేదవాక్యాల అర్థం విచారించే మీమాంసకులైతే దీన్ని తిన్నగానే చర్చించారు. వేదంలో పిక, నేమ, తామరస లాంటి మాటలు ఆర్యులకు అర్థం కాకపోతే ఏం చెయ్యాలి? ధాతువులు వెతికి అర్థం కల్పించాలా, ఆ మాటలు వాడుకలో ఉన్న మ్లేచ్ఛులను అడగాలా? మ్లేచ్ఛులను అడిగి తెలుసుకోవడమే సరి అని వాళ్లలో పెద్ద వ్యాఖ్యాత శబరస్వామి తీర్పు. కోకిలను పిక అని ఎవరు పిలుస్తున్నారో వాళ్లకే కదా తెలిసేది. కర్మకాండలో ఇంత పట్టుదల ఉన్నవాళ్లు ఈ మాట అన్నారంటే నాకు ఎంతో గౌరవం కలుగుతుంది.

యవనులు అంటే గ్రీకులేనా? ఆ పేరు ఎలా వచ్చింది?

మొదట్లో గ్రీకులే. ఇప్పటి టర్కీ పడమటి తీరంలో అయోనియా అనే గ్రీకు ప్రాంతం ఉండేది. అక్కడివాళ్లు తమను ఇయావోనెస్ అని పిలుచుకునేవాళ్లు, తర్వాత మధ్యలోని వకారం జారిపోయింది. తూర్పు దేశాలకు ముందు పరిచయమైన గ్రీకులు వీళ్లే కాబట్టి గ్రీకులందరికీ ఆ పేరే పడింది. పారసీకులు యౌన అన్నారు, హీబ్రూలో యావాన్, ప్రాకృతంలో యోన, సంస్కృతంలో యవన. ప్రాకృతంలో "అవ" అన్నది "ఓ" అవుతుంది, లవణం లోణం అయినట్టు. అందుకని యోనను వెనక్కి తిప్పి సంస్కృతం చేస్తే యవన వచ్చిందని కొందరు, పాత వకారం ఉన్న గ్రీకు రూపమే నేరుగా మిగిలిందని కొందరు అంటారు.

పారసీక చక్రవర్తి దరియుస్ క్రీ.పూ. 520 ప్రాంతంలో బెహిస్తున్ కొండ మీద చెక్కించిన శాసనంలో తన ఏలుబడిలో ఉన్న 23 దేశాల పేర్లున్నాయి. పార్స, యౌన, పార్థవ, సక, గందార అన్నీ అక్కడ వరసలో కనిపిస్తాయి. వాటిని మన పారసీక, యవన, పహ్లవ, శక, గాంధారలతో పోల్చి చూడండి. మన పురాణాల్లో ఈ పేర్లు ఎప్పుడూ గుంపుగా ఎందుకు వస్తాయో కొంత అర్థమవుతుంది. పడమటి ప్రపంచపు పేర్లు చాలావరకు ఇరానీ నోటి మీదుగానే మనకు చేరాయి.

అందుకే అలెగ్జాండర్ రాకముందే ఈ మాట మనకు తెలిసి ఉండవచ్చు. పాణిని సూత్రంలో యవన శబ్దం ఉంది, దాని నుంచి "యవనానీ" అనే రూపం వస్తుంది. అది యవనుల లిపి అని ఆ సూత్రం మీద కాత్యాయనుడి వివరణ (వార్తికం). పాణిని ఊరు గాంధారంలోని శలాతురం. ఆ ప్రాంతం పారసీక సామ్రాజ్యంలో ఉండింది కాబట్టి గ్రీకు రాత ఆయన కంట పడటంలో ఆశ్చర్యం లేదు.

తర్వాత సాక్ష్యాలకు కొదవ లేదు. అశోకుడి పదమూడో శిలాశాసనం సిరియా రాజు ఆంటియోకస్‌ను "అంతియోక యోనరాజు" అంటుంది. పతంజలి "అరుణద్ యవనః సాకేతమ్" అని ఉదాహరణ ఇస్తాడు, యవనుడు సాకేతాన్ని ముట్టడించాడు అని. అది తన కాలంలో జరిగిన సంగతి అని వ్యాకరణ రీత్యానే తెలుస్తుంది. క్రీ.పూ. 2వ శతాబ్దం చివర తక్షశిల నుంచి రాయబారిగా వచ్చిన హెలియోడోరస్ విదిశ దగ్గర బేస్‌నగర్‌లో వాసుదేవుడికి గరుడ స్తంభం ఎత్తించాడు. అందులో తనను "యోనదూత" అనీ "భాగవతుడు" అనీ రెండూ చెప్పుకున్నాడు.

అయితే యవన అన్న పేరున్న ప్రతివాడూ గ్రీకు అనుకోవద్దు. జునాగఢ్ శాసనంలో అశోకుడి తరఫున సుదర్శన తటాకానికి కాలువలు కట్టించిన "యవనరాజు" పేరు తుషాస్ఫుడు. అది ఇరానీ పేరు. కార్లే గుహల్లో ధేనుకాకటం నుంచి వచ్చి స్తంభాలు దానం చేసిన యవనుల్లో సిహధయ, అంటే సింహధ్వజుడు అన్న పేరుంది. అది అచ్చంగా మన పేరే.

అయితే మధ్యయుగాల్లో ముస్లింలను యవనులు అని ఎందుకన్నారు?

పడమటి దిక్కు నుంచి వచ్చే జనానికి అది అప్పటికే అలవాటైన పేరు. గ్రీకులు కనుమరుగయ్యారు, పేరు ఖాళీగా మిగిలింది, కొత్తగా వచ్చినవాళ్లకు తగిలింది. గమనించాల్సింది ఏమిటంటే, శాసనాలు వాళ్లను మతం పేరుతో పిలవడం చాలా తక్కువ. యవన, తురుష్క, పారసీక అని జాతి పేర్లే వాడాయి. పైగా ఆ పేరు ఎప్పుడూ శత్రుత్వంతోనే రాలేదు. శ్రీకృష్ణదేవరాయల బిరుదుల్లో ఒకటి "యవనరాజ్యస్థాపనాచార్య", బహమనీ సుల్తానును తిరిగి గద్దె మీద కూర్చోబెట్టినందుకు గర్వంగా పెట్టుకున్నది. విజయనగర రాజులు 14వ శతాబ్దం నుంచే "హిందూరాయ సురత్రాణ" అని కూడా పిలిపించుకున్నారు. సురత్రాణ అంటే సుల్తాన్. సంస్కృతంలోకి వచ్చేసరికి దానికి "దేవతలను కాపాడేవాడు" అనే అర్థం కూడా అమరింది.

యవనుల నుంచి మనం ఇప్పటికీ వాడే మాటలు ఏమైనా ఉన్నాయా?

ఉన్నాయి, రోజూ వాడుతున్నాం. "కేంద్ర ప్రభుత్వం" అంటాం చూడండి, ఆ కేంద్రం గ్రీకు కెంత్రోన్. వృత్తం మధ్య బిందువు అని దాని అర్థం, జ్యోతిషం వెంట మనకు వచ్చింది. జాతకంలో హోర గ్రీకు హోరా, గంట. జామిత్రం అన్న లగ్నశాస్త్ర పదం దియామెత్రోన్. బృహజ్జాతకంలో వరాహమిహిరుడు రాశులకు మేషం, వృషభం అనే పేర్లతో పాటు క్రియ, తావురి, జితుమ, లేయ, పాథోన, జూక, కౌర్ప్య అని కూడా ఇచ్చాడు. అవి గ్రీకు క్రియోస్, తవ్రోస్, దిదుమోయ్, లెయోన్, పర్తెనోస్, జుగోన్, స్కోర్పియోస్. పక్కపక్కన పెట్టి పైకి చదివితే చాలు, వేరే రుజువు అక్కర్లేదు.

6వ శతాబ్దపు ఆ వరాహమిహిరుడే బృహత్సంహితలో ఇలా రాశాడు: "మ్లేచ్ఛా హి యవనాస్తేషు సమ్యక్ శాస్త్రమిదం స్థితమ్, ఋషివత్ తేఽపి పూజ్యంతే". యవనులు మ్లేచ్ఛులే, అయినా ఈ శాస్త్రం వాళ్లలో చక్కగా నిలిచి ఉంది కాబట్టి వాళ్లను కూడా ఋషుల్లా పూజిస్తారు అని. ఎవరి దగ్గర నేర్చుకున్నాడో దాచుకోలేదు.

మరి "యవనిక"? గ్రీకు నాటకాల తెరా అది?

ఆ వాదం 19వ శతాబ్దంలో చాలా నడిచింది. గ్రీకుల రంగస్థలానికి అలాంటి తెర ఉన్నట్టు లేదు కాబట్టి నిలవలేదు. పడమటి నుంచి వచ్చిన బట్టతో చేసిన తెర కాబట్టి యవనిక అన్నారని ఒక మాట. అసలు రూపం జవనిక అని, వేగం అనే అర్థమున్న "జవ" నుంచి పుట్టి తర్వాత యవనికగా మారిందని ఇంకో మాట. తెలుగులో రెండు రూపాలూ ఉన్నాయి. నాకు రెండోదే నచ్చుతుంది.

శకులు ఎవరు? "క్రీస్తు శకం"లో శకానికి వాళ్లతో సంబంధం ఉందా?

ఉంది. శకులు మధ్య ఆసియా గడ్డిమైదానాల్లో గుర్రాల మీద తిరిగిన ఇరానీ భాషల జనం. పారసీక శాసనాల్లో సక అనే పేరుతో, ఒక తెగకు "కోసు టోపీల సకులు" అని గుర్తుతో సహా ఉన్నారు. మన దేశంలోకి వచ్చి పడమటి భారతాన్ని క్షత్రపులుగా చాలాకాలం ఏలారు. క్షత్రప కూడా సంస్కృతం మాటలా వినిపిస్తుంది కానీ, అది ఇరానీ పదవి పేరు. క్రీ.శ. 78లో మొదలైన కాలగణన ఈ పడమటి రాజుల వాడుక వల్ల శకకాలం అయింది. రానురాను "శకం" అంటేనే కాలగణన అనే అర్థం స్థిరపడిపోయింది. కాబట్టి క్రీ.శ. అని రాసిన ప్రతిసారీ మనం ఒక మధ్య ఆసియా తెగ పేరు రాస్తున్నాం.

పంచాంగంలో "శాలివాహన శకం" అని వింటాం. శకులను గెలిచానని చెప్పుకున్న శాతవాహన వంశం పేరూ, ఓడిన శకుల పేరూ ఒకే మాటలో జంటగా మిగిలాయి. నాసిక్ గుహలో గౌతమీ బాలశ్రీ వేయించిన శాసనం తన కొడుకు గౌతమీపుత్ర శాతకర్ణిని "సక యవన పల్హవ నిసూదన" అంటుంది, శక యవన పహ్లవులను నాశనం చేసినవాడు అని. ఒక తరం తిరిగేసరికి శాతవాహన ఇంటికి శక క్షత్రపుడి కూతురు కోడలిగా వచ్చింది, కాన్హేరి శాసనంలో ఆ సంగతి ఉంది. నాగార్జునకొండలో శకుల దుస్తుల్లో ఉన్న భటుడి శిల్పం చూసినప్పుడు నాకు ఈ రెండు శాసనాలూ కలిసి గుర్తొస్తాయి.

ఇంకో సంగతి చెప్పకుండా ఉండలేను. మనకు దొరికిన తొలి పెద్ద సంస్కృత గద్య శాసనం వేయించింది ఒక శక రాజు, రుద్రదాముడు, క్రీ.శ. 150 ప్రాంతంలో జునాగఢ్‌లో. అప్పటికి శాతవాహనులు ప్రాకృతంలో రాయించుకుంటున్నారు.

పహ్లవులు, పల్లవులు ఒకటేనా?

కాదు. పహ్లవులు పార్థియన్లు. పార్థవ అన్న పాత పేరు ఇరాన్‌లోనే అరిగి పహ్లవ అయింది. పేరు దగ్గరగా ఉందని కాంచీ పల్లవులు వాళ్ల సంతానం అని ఒకప్పుడు కొందరు రాశారు. పేరు పోలిక తప్ప ఇంకో ఆధారం లేదు. పల్లవుల తొలి శాసనాల్లో ఒకటి మన పల్నాడు ప్రాంతంలోని మంచికల్లులో దొరికింది. అందులో ఇరాన్ వాసన ఏమీ లేదు.

పారసీకులు?

పార్స దేశంవాళ్లు, అదే ఇరాన్. రఘువంశంలో రఘువు వీళ్ల మీదికి భూమార్గాన వెళ్తాడు. తెగిపడిన గడ్డాల తలలను కాళిదాసు తేనెటీగలు ముసిరిన తేనెపట్టులతో పోలుస్తాడు. భయంకరమైన పోలికే కానీ, కళ్లారా చూసినట్టుంటుంది.

ఈ జనాల భాష గురించి మనవాళ్లకు నిజంగా తెలుసా, పేర్లే తెలుసా?

ఒక్క ఉదాహరణ చాలు. వేదపదాల అర్థాలు చెప్పే నిరుక్తంలో యాస్కుడు అంటాడు: "శవతి" అన్న క్రియను వెళ్లడం అనే అర్థంలో కాంబోజులు మాత్రమే వాడతారు, ఆర్యులు దాని నుంచి వచ్చిన "శవ" అన్న మాట మాత్రమే వాడతారు. పాత ఇరానీ భాష అవెస్తాలో వెళ్లడానికి సరిగ్గా అలాంటి క్రియే ఉంది. కాంబోజులు ఇరానీ భాష మాట్లాడేవాళ్లని పండితులు చెప్పడానికి ముఖ్య ఆధారం ఈ ఒక్క వాక్యమే. ఎవరో వాయవ్యం మూల నుంచి వచ్చిన మనిషి మాట చెవిలో వేసుకుని, తేడా గుర్తుపట్టి రాసిపెట్టారు.

చీన అన్నది చైనా వాళ్ల సొంత పేరా?

చైనాను క్రీ.పూ. 221లో ఒక్కటి చేసిన చిన్ రాజ్యం పేరు నుంచి వచ్చిందని ఎక్కువమంది అంటారు. ఆ రాజ్యం అంతకు కొన్ని వందల ఏళ్ల ముందు నుంచే ఉంది. అర్థశాస్త్రంలో చీన భూమిలో పుట్టిన పట్టు "చీనపట్టం". శాకుంతలం మొదటి అంకం చివర దుష్యంతుడి మనసు, ఎదురుగాలికి వెనక్కి రెపరెపలాడే చీనాంశుకపు జెండాలా ఉంటుంది. తెలుగులో చీనాంబరాలు ఆ పట్టే. దేశం కంటే ముందు బట్ట వచ్చింది.

హూణులు ఎవరు? పాత తెలుగు పుస్తకాల్లో "హూణ భాష" అంటే ఇంగ్లీషు అని ఎందుకుంది?

5వ శతాబ్దంలో వాయవ్యం నుంచి విరుచుకుపడిన గుర్రపు దండులు హూణులు. స్కందగుప్తుడి భితరీ స్తంభ శాసనం వాళ్లతో జరిగిన యుద్ధంలో భూమి కంపించిందని చెబుతుంది. తర్వాత తోరమాణుడు, మిహిరకులుడు కొంతకాలం రాజ్యం చేశారు. పేరు మాత్రం చాలా పాతది. 4వ శతాబ్దం మొదట్లో మధ్య ఆసియాకు చెందిన సోగ్దియన్ వర్తకులు చైనా నుంచి రాసిన ఉత్తరాల్లో, చైనావాళ్లు షియోంగ్‌ను అని పిలిచే జనాన్ని "ఖూన్" అన్నారు.

అసలు హూణులు జనంలో కలిసిపోయాక, పడమటి నుంచి వచ్చే దయలేని తెల్లవాళ్లకు ఆ పేరు సిద్ధంగా ఉంది. 17వ శతాబ్దంలో వేంకటాధ్వరి విశ్వగుణాదర్శ చంపువులో చెన్నపట్నం తీరపు యూరోపియన్లను చూసి "హూణాః కరుణాహీనాః" అని మొదలుపెట్టి, బ్రాహ్మణులను గడ్డిపోచలా చూస్తారని వాపోయాడు. అదే శ్వాసలో వాళ్ల మంచిగుణాలు కూడా చెప్పించాడు, ఆ కావ్యం పద్ధతే అది. అక్కడి నుంచి తెలుగులో హూణ భాష అంటే ఇంగ్లీషు, హూణ విద్య అంటే ఇంగ్లీషు చదువు, హూణ శకం అంటే క్రీస్తు శకం. నూరేళ్ల కిందటి పుస్తకం చేతికొస్తే ముఖపత్రం మీద చూడండి.

యూరోపియన్లకు ఇంకో పేరు ఫిరంగి, పరంగి. ఫ్రాన్సు ప్రాంతపు ఫ్రాంకుల పేరు అరబ్బుల నోట, పారసీకుల నోట పడి మనదాకా వచ్చింది. 16వ శతాబ్దపు వైద్య గ్రంథం భావప్రకాశంలో సవాయి రోగానికి (సిఫిలిస్) "ఫిరంగ రోగం" అని పేరుంది. తెలుగులో ఫిరంగి తోపు అయి కూర్చుంది.

తురుష్కులు, తురకలు ఒకే మాటా?

ఒకే మాట. టర్క్ అన్న జాతి పేరే తురుష్క, అదే తెలుగులో తురక. 1148-50లో రాజతరంగిణి రాసిన కల్హణుడు కనిష్కుడిని కూడా తురుష్క వంశం వాడన్నాడు. కనిష్కుడు టర్కుల పేరు వినిపించడానికి కొన్ని శతాబ్దాల ముందువాడు. తన కాలంలో ఆ దిక్కున ఎవరున్నారో ఆ పేరు వెనక్కి తగిలించాడు కల్హణుడు.

తెలుగు నేల మీద ఈ మాట బరువుగా వినిపించేది కోనసీమలోని విలస తామ్రశాసనంలో. కాకతీయ రాజ్యం పడిపోయాక ప్రోలయ నాయకుడు ఇచ్చిన శాసనం అది. ప్రతాపరుద్రుడనే సూర్యుడు అస్తమించాక తురుష్కులనే చీకటి లోకాన్ని కమ్మిందంటుంది. అది యుద్ధంలో ఓడిన కాలపు దుఃఖం. ఈనాడు పక్కింటి మనిషిని ఎత్తిపొడవడానికి ఆ మాట వాడేవాళ్లను చూస్తే బాధగా ఉంటుంది. మన ఊళ్లో పుట్టి తెలుగు మాట్లాడే మనిషికి టర్కీతో ఏం సంబంధం?

వసిష్ఠుడి ఆవు నుంచి వీళ్లంతా పుట్టారన్న కథ ఏమిటి?

రామాయణం బాలకాండలో విశ్వామిత్రుడు కామధేనువును లాక్కుపోబోతే ఆవు తన ఒంటి నుంచి సైన్యాలను పుట్టిస్తుంది. యోని నుంచి యవనులు, శకృత్తు అంటే పేడ నుంచి శకులు, రోమకూపాల నుంచి మ్లేచ్ఛులు. శబ్దాల పోలిక చూడండి: యోని-యవన, శకృత్-శక. పేరు వినగానే దగ్గరగా వినిపించే సంస్కృత పదం వెతికి, దాని చుట్టూ అల్లిన కథ ఇది. కథగా గొప్పది, వ్యుత్పత్తిగా పనికిరాదు.

ఈ అలవాటును పట్టుకుని మందలించింది కూడా మనవాడే. 7వ శతాబ్దం ప్రాంతపు మీమాంసకుడు కుమారిల భట్టు తంత్రవార్తికంలో ద్రావిడ భాష మాటలు కొన్ని ఎత్తి చూపిస్తాడు. అన్నానికి "చోర్" అంటే దాన్ని చోర శబ్దం చేస్తారు, పాముకు "పాంప్" అంటే పాము పాపిష్టిదే కదా అని "పాప" చేస్తారు అని. పక్కనే ఉన్న ద్రావిడ భాషకే ఇంత స్వేచ్ఛగా కల్పిస్తే, పారసీక, బర్బర, యవన, రోమక భాషల మాటలను ఏం చేస్తారో అని నిలదీస్తాడు. ప్రతి పేరుకూ ధాతువు లాగి అర్థం చెప్పే వాట్సాప్ సందేశాలు వచ్చినప్పుడల్లా ఈ ప్రశ్నే గుర్తు చేసుకోండి.

బర్బర, గ్రీకు "బార్బరోస్" ఒకటేనా?

రెండూ "బర్ బర్" అని అర్థంకాని గొణుగుడును అనుకరించిన మాటలే. ఒకరి నుంచి ఒకరు తీసుకున్నారా, ఎవరికి వారే అనుకున్నారా అన్నది తేలలేదు. మ్లేచ్ఛ లాగే ఇది కూడా నాలుక మీద వేసిన ముద్ర. యవనులు మనల్ని బార్బరోయ్ అన్నారు, మనం వాళ్లను మ్లేచ్ఛులన్నాం.

ఈ పేర్లు మనుషులకేనా, వస్తువులకు కూడా ఉన్నాయా?

అమరకోశం తిరగేస్తే ఒక సంతలో నడిచినట్టుంటుంది. ధూపానికి వాడే ఒక జిగురుకు తురుష్క అనీ యావన అనీ రెండు పేర్లు. ఇంగువకు బాహ్లీకం, అంటే బల్ఖ్ నుంచి వచ్చింది. రాగికి మ్లేచ్ఛముఖం, ఎర్రటి ముఖాల రంగు కాబట్టి. ఇతర నిఘంటువుల్లో మిరియం యవనప్రియ, గోధుమ మ్లేచ్ఛభోజనం. సంగం తమిళ కవిత్వంలో యవనుల ఓడలు బంగారంతో వచ్చి మిరియాలతో తిరిగి వెళ్తాయి కాబట్టి యవనప్రియ అన్న పేరు ఊరికే రాలేదు.

మరి ఆంధ్రులను కూడా ఇలా బయటివాళ్లుగా చూశారా?

చూశారు, దాచడానికేమీ లేదు. ఐతరేయ బ్రాహ్మణంలో తండ్రి మాట వినని విశ్వామిత్రుడి కొడుకులు శాపం తిని ఆంధ్రులు, పుండ్రులు, శబరులు, పులిందులు, మూతిబులు అవుతారు, దస్యుల్లో కలుస్తారు. దస్యు అన్న మాటకు దగ్గరి చుట్టమైన ఇరానీ "దహ్యు"కు అర్థం దేశం, మండలం. ఒకచోట దేశమైంది, ఒకచోట శత్రువైంది. భాగవతం రెండో స్కంధంలో శుకుడి స్తుతిలో "కిరాత హూణాంధ్ర పులింద పుల్కశా" అని మొదలయ్యే శ్లోకం ఉంది, విష్ణుభక్తులను ఆశ్రయిస్తే వీళ్లు కూడా శుద్ధి పొందుతారని. హూణుల పక్కనే ఆంధ్రులు, సంధిలో అతుక్కుని మరీ. మనుస్మృతిలో ద్రావిడులు యవనులతో, శకులతో, చీనులతో ఒకే వరసలో ఉన్నారు.

అశోకుడి పదమూడో శాసనంలో కూడా యోనులు, కాంబోజులు, ఆంధ్రులు ఒకే వరసలో వస్తారు. కానీ అక్కడ తిట్టు లేదు. రాజు ధర్మాన్ని పాటిస్తున్న జనాలు అని, అంతే. ఆయన పద్నాలుగు శిలాశాసనాలూ చెక్కిన బండలు కర్నూలు జిల్లా ఎర్రగుడిలో, జొన్నగిరి దగ్గర, పొలాల మధ్య గుట్ట మీద ఇప్పటికీ ఉన్నాయి.